చందా కట్టినా సొంత జట్టు ఆట కనిపించదు!

అమెరికా బేస్‌బాల్ ప్రత్యక్ష ప్రసారాల్లో హక్కుల చిక్కుముడి

* ఇంటి చిరునామాను బట్టే ఏ యాప్ కొనాలన్నది తేలుతుంది
* స్థానిక అభిమానికే ప్రసార నిషేధం
* చందా కట్టేముందు నాలుగు విషయాలు సరిచూసుకోవడం మేలు

క్రీడా మైదానానికి ఇరవై మైళ్ల దూరంలో నివసించే అభిమాని ఏడాది చందా మొత్తం చెల్లించినా తన నగర జట్టు ఆటను ప్రత్యక్షంగా చూడలేడు. అదే చందాతో వెయ్యి మైళ్ల అవతల ఉన్న వ్యక్తి ఆ ఆటను నిక్షేపంగా చూస్తాడు. అమెరికాలో మేజర్ లీగ్ బేస్‌బాల్ (ఎంఎల్‌బీ) పోటీల ప్రసారాల్లో ఏళ్ల తరబడి కొనసాగుతున్న విచిత్రమిది. యాప్‌లో లోపం ఉందనో, అంతర్జాల వేగం చాలడం లేదనో భావించి పలువురు సేవా కేంద్రాలకు ఫోన్లు చేస్తుంటారు. వాస్తవానికి లోపమేమీ ఉండదు. ఒప్పందమే ఆ విధంగా ఉంటుంది.

తెలుగు రాష్ట్రాల నుంచి వెళ్లి డాలస్, న్యూజెర్సీ, శాన్‌ఫ్రాన్సిస్కో బే ఏరియా తదితర ప్రాంతాల్లో స్థిరపడిన కుటుంబాలకూ ఈ సమస్య ఎదురవుతూనే ఉంది. అక్కడే పుట్టిన పిల్లలు తోటి విద్యార్థులతో కలిసి బేస్‌బాల్ ఆడతారు. నగర జట్టు టోపీ పెట్టుకుని తిరుగుతారు. ఇంట్లో ఆ ఆట చూపించమని అడుగుతారు. క్రికెట్‌తో పెరిగిన తల్లిదండ్రులకు, మనవలను చూసేందుకు ఆరు నెలల వీసాపై వెళ్లిన తాతయ్యలు, అమ్మమ్మలకు ఎందులో చూడాలో అంతుపట్టదు. ఏదో ఒక యాప్‌కు డబ్బు కట్టాక గానీ అసలు సంగతి తెలియదు.

ఐపీఎల్‌కు ఒకటే దారి.. అక్కడ పది దారులు

మన దేశంలో ఐపీఎల్ మ్యాచ్‌లను ఫోన్‌లో చూడాలంటే వెతుక్కోవాల్సిన పని లేదు. 2023 నుంచి 2027 వరకు డిజిటల్ హక్కులను వయాకామ్18 సంస్థ రూ.23,758 కోట్లకు దక్కించుకుంది. అనంతరం సంస్థల విలీనంతో 2025 ఫిబ్రవరిలో జియోహాట్‌స్టార్ ఏర్పడింది. హైదరాబాద్ జట్టు ఆటను హైదరాబాద్‌లో చూసినా, శ్రీకాకుళంలో చూసినా యాప్ అదే.. చందా కూడా అదే.

అమెరికా బేస్‌బాల్ తీరు ఇందుకు భిన్నం. లీగ్‌లో 30 జట్లు ఉన్నాయి. సాధారణ సీజన్‌లో ఒక్కో జట్టు 162 మ్యాచ్‌లు ఆడుతుంది. మొత్తం 2,430 మ్యాచ్‌లు. ఐపీఎల్ సీజన్ 74 మ్యాచ్‌లతో పోల్చితే ఈ ఆట పరిమాణం అర్థమవుతుంది. మార్చి చివరి వారంలో ఆరంభమై సెప్టెంబరు ఆఖరు వరకు దాదాపు ప్రతిరోజూ ఆటలు ఉంటాయి. అక్టోబరులో ప్లేఆఫ్స్, చివరగా విజేతను తేల్చే వరల్డ్ సిరీస్ జరుగుతాయి. ఇన్ని ఆటలను ఏ ఒక్క సంస్థా కొనలేదు. ప్రతి జట్టుకూ దాని నగరం చుట్టూ అభిమానులు ఉండటంతో ప్రసార హక్కులను ముక్కలుగా చేసి విక్రయించడం తొలినుంచీ ఆనవాయితీగా మారింది.

ఈ హక్కులు ప్రధానంగా మూడు రకాలు. మొదటిది జాతీయ ప్రసారం. ఎంపిక చేసిన మ్యాచ్‌లను దేశమంతటికీ చూపే హక్కును లీగ్ పెద్ద సంస్థలకు అమ్ముతుంది. రెండోది స్థానిక ప్రసారం. జట్టు తన ప్రాంతం వరకు తన మ్యాచ్‌లను చూపే హక్కును ఒక ప్రాంతీయ క్రీడా చానల్‌కు ఇస్తుంది. 162 మ్యాచ్‌లలో సింహభాగం ఈ కోవలోకే వస్తాయి. మూడోది స్థానికేతర ప్రసారం. ఒక ప్రాంతంలో ఉంటూ మరో ప్రాంతపు జట్టును అభిమానించే వారికోసం ఉద్దేశించిన ‘ఎంఎల్‌బీ.టీవీ’ చందా ఇది. అన్ని జట్ల ఆటలూ ఇందులో ఉంటాయని ప్రకటనల్లో కనిపిస్తుంది. చందాదారుడి సొంత ప్రాంతపు జట్టుకు మాత్రం అది వర్తించదు. చిక్కంతా ఇక్కడే ఉంది.

నల్ల తెర వెనుక కథ

స్థానిక చానల్ జట్టుకు కోట్ల డాలర్లు చెల్లిస్తుంది. ఆ ప్రాంతంలో అదే ఆటను మరొకరు చూపితే చానల్‌కు గిరాకీ తగ్గుతుంది. అందువల్ల ఆ ప్రాంత పరిధిలో ఎంఎల్‌బీ.టీవీలో ఆ జట్టు ఆట రాకుండా అడ్డుకట్ట వేస్తారు. దీన్నే ‘బ్లాకౌట్’ అంటారు. ఫోన్‌లోని జీపీఎస్, అంతర్జాల చిరునామా ఆధారంగా చందాదారుడు ఎక్కడ ఉన్నాడో యాప్ గుర్తిస్తుంది. నిషేధ పరిధిలో ఉంటే ఆట బదులు ఒక ప్రకటన మాత్రమే కనిపిస్తుంది. ఆట ముగిసిన సుమారు 90 నిమిషాల తర్వాత అదే మ్యాచ్‌ను పూర్తిగా చూసేందుకు అనుమతిస్తారు. అప్పటికే ఫలితం ఊరంతా తెలిసిపోయి ఉంటుంది.

ఈ పరిధులు ఒక్క నగరానికి పరిమితం కావు. అయోవా రాష్ట్రాన్ని ఇందుకు ఉదాహరణగా చెబుతారు. ఆ రాష్ట్రంలో ఒక్క మేజర్ లీగ్ జట్టు కూడా లేదు. అయినా చుట్టుపక్కల రాష్ట్రాలకు చెందిన ఆరు జట్లు.. షికాగో కబ్స్, షికాగో వైట్ సాక్స్, సెయింట్ లూయిస్ కార్డినల్స్, కాన్సాస్ సిటీ రాయల్స్, మిల్వాకీ బ్రూవర్స్, మిన్నెసోటా ట్విన్స్.. అయోవాను తమ పరిధిగా చూపాయి. ఫలితంగా అక్కడి అభిమాని మైదానానికి వెళ్లాలంటే గంటల తరబడి ప్రయాణించాలి. ఇంట్లో చూద్దామంటే ఆరు జట్ల ఆటలూ నిషిద్ధం.

దీనికి చట్టపరమైన నేపథ్యమూ ఉంది. 1922లో అమెరికా సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పుతో గుత్తాధిపత్య నిరోధక చట్టాల నుంచి బేస్‌బాల్‌కు మినహాయింపు లభించింది. జట్లు ప్రాంతాలను పంచుకునే పద్ధతికి ఆ వాతావరణం అనుకూలించింది. ప్రసారాల విషయంలో మాత్రం ఈ పద్ధతిని సవాలు చేస్తూ 2012లో కొందరు అభిమానులు న్యూయార్క్‌లోని ఫెడరల్ కోర్టును ఆశ్రయించారు. 2016 జనవరిలో విచారణ మొదలుకానున్న తరుణంలో ఇరుపక్షాలూ రాజీకి వచ్చాయి. చందా ధర తగ్గింది. ఒకే జట్టు ఆటలు చూసేందుకు తక్కువ ధరకు ప్రత్యేక చందా అందుబాటులోకి వచ్చింది. స్థానిక నిషేధం మాత్రం యథాతథంగా మిగిలింది.

సొంత నగరంలోనే వినిపించని గొంతు

ఈ విధానంతో అభిమాని ఎంతగా నష్టపోతాడో లాస్ ఏంజెలెస్ ఉదంతం చాటుతోంది. డాడ్జర్స్ జట్టు 2014లో ‘స్పోర్ట్స్‌నెట్ ఎల్ఏ’ అనే సొంత చానల్‌ను ప్రారంభించింది. టైమ్ వార్నర్ కేబుల్‌తో 25 ఏళ్లకు 835 కోట్ల డాలర్ల భారీ ఒప్పందం కుదుర్చుకుంది. చానల్‌కు అడిగిన ధర ఎక్కువని డైరెక్‌టీవీ సహా ఇతర పంపిణీ సంస్థలు దాన్ని తమ జాబితాలో చేర్చుకోలేదు. దాంతో నగరంలోని అత్యధిక కుటుంబాలకు సొంత జట్టు ఆట దూరమైంది. ఎంఎల్‌బీ.టీవీ కొందామంటే అక్కడా నిషేధమే.

డాడ్జర్స్ వ్యాఖ్యాత విన్ స్కల్లీ 1950లో మైక్ పట్టి 67 సీజన్ల పాటు ఆ జట్టు ఆటలను వినిపించారు. మూడు తరాల నగరవాసులకు ఆయన గొంతు ఇంటి మనిషి మాటతో సమానం. 2016లో ఆయన పదవీ విరమణ చేశారు. ఆయన చివరి మూడు సీజన్ల ప్రసారాలు ఆ నగరంలోని అధిక భాగానికి చేరనే లేదు. ముగింపు రోజుల్లో కొన్ని మ్యాచ్‌లను మాత్రం ఉచిత చానల్ కేటీఎల్ఏలో చూపించారు. 2020 ఏప్రిల్‌లో గానీ డైరెక్‌టీవీతో ఒప్పందం కుదరలేదు. కేబుల్ కనెక్షన్ లేకుండా ఆ చానల్‌ను విడిగా కొనుక్కునే వీలు 2025లో వచ్చింది. అంటే చానల్ పుట్టిన 11 ఏళ్లకు!

కేబుల్ కూలింది.. తలుపులు తెరుచుకుంటున్నాయి

ప్రాంతీయ చానళ్లకు ఆదాయమంతా కేబుల్ చందాదారుల నుంచే వచ్చేది. ఆట చూసినా చూడకపోయినా ప్రతి ఇంటి బిల్లులో ఆ చానల్ వాటా కలిసి ఉండేది. జనం కేబుల్ వదిలి స్ట్రీమింగ్ వైపు మళ్లడంతో ఈ లెక్క తారుమారైంది. డజనుకు పైగా బేస్‌బాల్ జట్ల ప్రసారాలు చూసిన డైమండ్ స్పోర్ట్స్ గ్రూప్ 2023 మార్చిలో దివాలా రక్షణ కోరుతూ కోర్టుకెక్కింది. అదే ఏడాది మే 31న శాన్ డియెగో పాడ్రెస్ ప్రసారాలను, జులైలో అరిజోనా డైమండ్‌బ్యాక్స్ ప్రసారాలను లీగే స్వయంగా చేపట్టింది. అనంతరం కొలరాడో రాకీస్, క్లీవ్‌లాండ్ గార్డియన్స్, మిన్నెసోటా ట్విన్స్ ఆ బాట పట్టాయి.

జట్లకు ఇది ఆదాయ నష్టమే. అభిమానికి మాత్రం మేలు జరిగింది. లీగ్ చేపట్టిన జట్ల ఆటలను సొంత ప్రాంతంలోనే, కేబుల్ లేకుండా, నిషేధం లేకుండా చూసే అవకాశం దక్కింది. ఈ సేవకు నెలకు 19.99 డాలర్లుగా ధర నిర్ణయించారు. మిగిలిన చోట్ల ప్రాంతీయ చానళ్లు సైతం సొంత యాప్‌లు తెరవక తప్పలేదు. బోస్టన్ రెడ్ సాక్స్ ఆటలు చూపే నెసన్ 2022 జూన్‌లో ఈ పనికి శ్రీకారం చుట్టింది. షికాగో కబ్స్ చానల్ మార్కీ 2023లో అనుసరించింది. న్యూయార్క్ యాంకీస్ చానల్ యెస్ 2024లో మరో చానల్‌తో కలిసి ‘గోథమ్ స్పోర్ట్స్’ యాప్‌ను తెచ్చింది.

స్థానిక జట్టును చూసేందుకు ఇప్పుడు దారి ఉంది. ఒక్కో ఊరికి ఒక్కో దారి కావడమే అయోమయానికి కారణం.

డాలస్‌లో తెలుగింటి లెక్క

తెలుగువారు అధికంగా ఉన్న డాలస్ పరిసరాలను తీసుకుంటే విషయం తేలిగ్గా బోధపడుతుంది. ఇక్కడి జట్టు టెక్సాస్ రేంజర్స్. సొంత మైదానం ఆర్లింగ్టన్‌లోని గ్లోబ్ లైఫ్ ఫీల్డ్. 2023లో ఈ జట్టు తొలిసారి వరల్డ్ సిరీస్ గెలిచింది. తెలుగువారికి మరో ఆసక్తికరమైన అంశమూ ఉంది. రేంజర్స్ తరఫున 2024 సెప్టెంబరు 12న మేజర్ లీగ్‌లో అడుగుపెట్టిన కుమార్ రాకర్ మూలాలు తల్లి లలిత వైపు నుంచి ఆంధ్రప్రదేశ్‌లో ఉన్నాయి. కుడిచేతితో బంతి విసిరే ఈ ఆటగాడిని రేంజర్స్ 2022లో మూడో ఎంపికగా తీసుకుంది.

రాకర్ ఆట చూద్దామని డాలస్‌లోని కుటుంబం ఎంఎల్‌బీ.టీవీ కొంటే డబ్బు వృథా అవుతుంది. రేంజర్స్ ఆటలు అక్కడ నిషిద్ధం. రాష్ట్రంలోని మరో జట్టు హ్యూస్టన్ ఆస్ట్రోస్ ఆటలదీ ఇదే పరిస్థితి. 2024 వరకు రేంజర్స్ మ్యాచ్‌లు ప్రాంతీయ కేబుల్ చానల్‌లో వచ్చేవి. 2025లో జట్టు సొంతంగా ‘రేంజర్స్ స్పోర్ట్స్ నెట్‌వర్క్’ను నెలకొల్పి, స్ట్రీమింగ్ కోసం ‘విక్టరీ ప్లస్’ యాప్‌తో ఒప్పందం చేసుకుంది. అందువల్ల డాలస్ వాసి కొనాల్సింది ఆ యాప్‌లోని రేంజర్స్ చందా. అదే కుటుంబం ఉద్యోగరీత్యా న్యూజెర్సీకి మారితే లెక్క తిరగబడుతుంది. అక్కడ రేంజర్స్ ఆటలకు ఎంఎల్‌బీ.టీవీ సరిపోతుంది. యాంకీస్, మెట్స్ ఆటలకు మాత్రం స్థానిక సేవ కొనాలి.

బే ఏరియాలో శాన్‌ఫ్రాన్సిస్కో జెయింట్స్ ఆటలను ఎన్‌బీసీ స్పోర్ట్స్ బే ఏరియా చానల్ చూపుతుంది. దీన్ని 2025 నుంచి పీకాక్ యాప్‌లో అదనపు చందాతో పొందే వీలు కల్పించారు.

డాలస్‌కు ఉత్తరాన ఉన్న ఫ్రిస్కోలో రఫ్‌రైడర్స్ అనే జట్టు ఉంది. ఇది రేంజర్స్‌కు అనుబంధమైన మైనర్ లీగ్ జట్టు. పైస్థాయికి చేరకముందు రాకర్ ఇక్కడా ఆడారు. ఇలాంటి మైనర్ లీగ్ మ్యాచ్‌లను ఎంఎల్‌బీ యాప్‌లోనే చూడవచ్చు. ఎదిగే క్రీడాకారులను గమనించదలిచిన వారికి ఇది ఉపయోగకరం.

ఏ రోజు ఎవరి చేతిలో..

స్థానిక సేవ కొన్నంత మాత్రాన 162 మ్యాచ్‌లూ వస్తాయనుకోవడం పొరపాటు. జాతీయ సంస్థలు ఎంపిక చేసుకున్న మ్యాచ్‌లు స్థానిక యాప్‌లో కనిపించకపోవచ్చు. 2025 నవంబరులో లీగ్ ప్రకటించిన ఒప్పందాలతో 2026 నుంచి 2028 వరకు జాతీయ ప్రసారాల పంపకం మారింది. ఆ వివరాలివి..

* ఆదివారం రాత్రి మ్యాచ్‌లు: ఎన్‌బీసీ, పీకాక్. 2025 వరకు ఇవి ఈఎస్‌పీఎన్ చేతిలో ఉండేవి. ప్లేఆఫ్స్‌లో తొలి అంచె అయిన వైల్డ్ కార్డ్ పోటీలు సైతం ఎన్‌బీసీకే దక్కాయి.
* శుక్రవారం రాత్రి రెండు మ్యాచ్‌లు: యాపిల్ టీవీ. 2022లో మొదలైన ఈ ఏర్పాటులో స్థానిక నిషేధం ఉండదు.
* శనివారం మ్యాచ్‌లు: ఫాక్స్. వరల్డ్ సిరీస్, ఆల్‌స్టార్ మ్యాచ్ 2028 వరకు ఈ సంస్థవే.
* మంగళవారం మ్యాచ్‌లు, ప్లేఆఫ్స్‌లో కొంత భాగం: టీబీఎస్.
* ఈఎస్‌పీఎన్: సీజన్‌లో 30 మ్యాచ్‌లు. ఎంఎల్‌బీ.టీవీ చందాల విక్రయ హక్కు కూడా ఈ సంస్థకే బదిలీ అయింది.
* నెట్‌ఫ్లిక్స్: సీజన్ ఆరంభ మ్యాచ్, హోమ్ రన్ డెర్బీ వంటి కొన్ని ప్రత్యేక కార్యక్రమాలు.

అన్నీ కావాలంటే జేబుకు చిల్లే. 2025 ఆగస్టు నాటి ధరల ప్రకారం నెలకు ఈఎస్‌పీఎన్ 29.99, ఫాక్స్ వన్ 19.99, యాపిల్ టీవీ 12.99 డాలర్లు. వీటికి స్థానిక జట్టు సేవకు 19.99 డాలర్లు కలిపితే నెలకు దాదాపు 83 డాలర్లు అవుతుంది. స్థానికేతర మ్యాచ్‌ల కోసం ఎంఎల్‌బీ.టీవీ తీసుకుంటే 2025లో సీజన్‌కు సుమారు 150 డాలర్లు అదనం. కేబుల్ బిల్లు భారమని వదిలేసిన కుటుంబం మళ్లీ అంతే మొత్తం నాలుగు ముక్కలుగా చెల్లిస్తున్నట్లు లెక్క.

తక్కువ ఖర్చుతో చూసే మార్గాలు

అన్నీ కొనాల్సిన అవసరం చాలా కుటుంబాలకు ఉండదు. ఒకే జట్టును అభిమానించేవారు ఆ జట్టుకు వర్తించే ఒక్క సేవ తీసుకుంటే అత్యధిక మ్యాచ్‌లు చేతికి వస్తాయి. ఫాక్స్, ఎన్‌బీసీ చానళ్లు అమెరికాలో గాలిలో ఉచితంగా ప్రసారమవుతాయి. టీవీకి చిన్న యాంటెన్నా బిగిస్తే చందా లేకుండానే వరల్డ్ సిరీస్ సహా పలు మ్యాచ్‌లు వస్తాయి. మన ఇళ్లపై ఒకప్పుడు దూరదర్శన్ కోసం నిలబెట్టిన యాంటెన్నాల పనే ఇది కూడా. ఈ సంగతి తెలియక డబ్బు కట్టేవారు ఎందరో ఉన్నారు.

ఎంఎల్‌బీ యాప్‌లో రోజుకో మ్యాచ్‌ను ఉచితంగా చూపే ఆనవాయితీ ఉంది. టీ-మొబైల్ సంస్థ తన ఫోన్ వినియోగదారులకు 2016 నుంచి ఏటా ఎంఎల్‌బీ.టీవీ చందాను ఉచితంగా అందిస్తూ వచ్చింది. సీజన్ ఆరంభంలో కొద్దిరోజుల్లోపు యాప్ ద్వారా స్వీకరించిన వారికే అది వర్తిస్తుంది. గడువు దాటితే ఆ ఏడాదికి అవకాశం పోయినట్లే. ఉచితంగా వచ్చినా స్థానిక నిషేధం అందులోనూ ఉంటుందన్నది మరువరాదు.

చూడటం కుదరకపోతే వినవచ్చు. రేడియో వ్యాఖ్యానాన్ని యాప్‌లో వినేందుకు ప్రత్యేక చందా చాలా తక్కువ. దానికి స్థానిక నిషేధం వర్తించదు. క్రికెట్ వ్యాఖ్యానాన్ని ట్రాన్సిస్టర్‌లో విని పెరిగిన తరానికి ఈ పద్ధతి కొత్తేమీ కాదు. బంతి బంతికీ వివరాలు అక్షర రూపంలో చూపే ‘గేమ్‌డే’ విభాగం పూర్తిగా ఉచితం.

ఇక్కడి నుంచి చూడాలంటే..

అమెరికా, కెనడాలు దాటితే స్థానిక జట్టు అన్న నిబంధన ఉండదు. కాబట్టి డాలస్‌లో ఉన్న కొడుకు తన చందాతో చూడలేని రేంజర్స్ ఆటను, ఇక్కడ ఎంఎల్‌బీ.టీవీ తీసుకున్న తండ్రి చూడగలిగే పరిస్థితి! అమెరికాలో ప్లేఆఫ్స్ చూడటానికి ఎంఎల్‌బీ.టీవీ చందా ఒక్కటే చాలదు. విదేశీ చందాదారులకు అవి కూడా ప్రత్యక్షంగా అందుతాయి. అయితే దేశాన్ని బట్టి ప్రసార హక్కులు మారవచ్చు. చందా పేజీలో భారత్‌కు సంబంధించిన నిబంధనలు చదివాకే డబ్బు చెల్లించాలి.

సమయాలను గుర్తుంచుకోవడం సులువే. సీజన్ నడిచే నెలల్లో డాలస్ కాలమానం మనకంటే పదిన్నర గంటలు వెనక. అక్కడ రాత్రి 7.05 గంటలకు మొదలయ్యే ఆట మనకు మరుసటి రోజు ఉదయం 5.35 గంటలకు వస్తుంది. న్యూయార్క్‌లో రాత్రి 7.05 అంటే మనకు తెల్లవారుజామున 4.35. కాలిఫోర్నియాలో రాత్రి 7.10 అంటే ఉదయం 7.40. న్యూయార్క్‌లో మధ్యాహ్నం 1.05కు జరిగే ఆటలు మనకు రాత్రి 10.35కు ఆరంభమవుతాయి. 2023లో బంతి విసిరేందుకు కాలపరిమితి విధించాక తొమ్మిది ఇన్నింగ్స్ ఆట సగటున 2 గంటల 40 నిమిషాల్లో ముగుస్తోంది. ఒక టీ20 మ్యాచ్ కంటే తక్కువ సమయమే.

దొంగదారులతో చేటు

నిషేధంతో విసిగిన కొందరు ఉచితంగా చూపుతామనే అనధికార వెబ్‌సైట్ల వైపు మళ్లుతున్నారు. ఆట తెరుచుకునే లోపు పదుల సంఖ్యలో ప్రకటనలు మీద పడతాయి. ‘ప్లేయర్ దించుకోండి’, ‘వయసు నిర్ధారణకు కార్డు నంబరు ఇవ్వండి’ అనే సందేశాలు వస్తాయి. నొక్కితే కంప్యూటర్‌లోకి హానికర ప్రోగ్రాం చేరే ప్రమాదం ఉంది. కార్డు వివరాలు ఇస్తే ఖాతా ఖాళీ అయ్యే ముప్పూ పొంచి ఉంటుంది. ఆటగాళ్ల ఫొటోలతో సామాజిక మాధ్యమాల్లో కనిపించే ‘ఉచిత ప్రత్యక్ష ప్రసారం’ లింకుల్లో చాలావరకు ఈ బాపతువే. మరికొందరు వీపీఎన్ సాయంతో తాము వేరే ప్రాంతంలో ఉన్నట్లు చూపుతుంటారు. ఇది చందా నిబంధనలకు విరుద్ధం. గుర్తిస్తే సేవను నిలిపివేసే అధికారం సంస్థకు ఉంటుంది.

చందాకు ముందు సరిచూసుకోవాల్సినవి

1. చూడదలిచింది ఒక్క జట్టా, అన్ని జట్లా అన్నది మొదట తేల్చుకోవాలి. పిల్లవాడు అభిమానించే జట్టు పేరు అడిగితే సగం పని పూర్తయినట్లే.

2. నివసించే చోటు ఆ జట్టు పరిధిలో ఉందో లేదో చూడాలి. ఎంఎల్‌బీ వెబ్‌సైట్‌లో ఇంటి జిప్ కోడ్ నమోదు చేస్తే అక్కడ ఏయే జట్లపై నిషేధం ఉందో జాబితా వస్తుంది. నిమిషం పట్టని ఈ పని చేయకపోవడం వల్లే అధికశాతం మంది నష్టపోతున్నారు.

3. పరిధిలో ఉంటే ఆ జట్టు అధికారిక వెబ్‌సైట్‌లో ప్రసారాల విభాగం తెరిచి స్థానిక సేవ పేరు తెలుసుకోవాలి. చానళ్లు, యాప్‌లు తరచూ మారుతున్నందున నిరుడు చూసిన యాప్‌లోనే ఈ ఏడాదీ వస్తుందనుకోరాదు. పరిధిలో లేకపోతే ఎంఎల్‌బీ.టీవీ చందా సరిపోతుంది.

4. ముందు నెలవారీ చందా తీసుకుని చూశాక ఏడాదికి కట్టడం మేలు. చందాలు వాటంతట అవే పునరుద్ధరణ అవుతాయి. సీజన్ ముగిసిన వెంటనే రద్దు చేయకపోతే మరుసటి ఏడాది ఖాతాలోంచి డబ్బు తీసేస్తారు. తల్లిదండ్రుల కోసం ఆరు నెలలకు కొన్నవారు వారు తిరుగు ప్రయాణమయ్యే తేదీనే రద్దు తేదీగా రాసి ఉంచుకోవడం ఉత్తమం.

2028 తర్వాత ఏం జరగనుంది?

మేజర్ లీగ్ ఆట అంతర్జాలంలో తొలిసారి ప్రత్యక్షంగా ప్రసారమైంది 2002 ఆగస్టు 26న. ఆ రోజు తలపడింది న్యూయార్క్ యాంకీస్, టెక్సాస్ రేంజర్స్. సుమారు 30 వేల మంది చూశారు. ప్రపంచంలో మరే పెద్ద లీగూ అంతగా దృష్టి పెట్టని రోజుల్లోనే బేస్‌బాల్ ఈ రంగంలో అడుగుపెట్టింది. లీగ్ అభివృద్ధి చేసిన ప్రసార పరిజ్ఞానాన్ని అనంతరం డిస్నీ సంస్థ కొనుగోలు చేసి తన స్ట్రీమింగ్ సేవలకు వాడుకుంది. సాంకేతికంగా అందరికంటే ముందున్న ఆటే సొంత ఊరి అభిమానికి అందకపోవడానికి హక్కుల పంపకమే కారణం.

జాతీయ ఒప్పందాలన్నీ 2028 సీజన్‌తో ముగిసేలా లీగ్ రూపొందించింది. ఆ తర్వాత జట్ల స్థానిక హక్కులను సైతం ఒకచోట చేర్చి విక్రయించాలన్నది లీగ్ కమిషనర్ రాబ్ మన్‌ఫ్రెడ్ ఆలోచన. అది నెరవేరితే డాలస్‌లోని కుటుంబం, అయోవాలోని రైతు, న్యూజెర్సీలోని విద్యార్థి ఒకే చందాతో ఏ ఆటైనా చూసే వీలు కలుగుతుంది. అయితే యాంకీస్, డాడ్జర్స్ వంటి సంపన్న జట్లకు స్థానిక ప్రసారాల నుంచి వచ్చే ఆదాయం అపారం. దాన్ని చిన్న జట్లతో పంచుకునేందుకు అవి సులభంగా అంగీకరించకపోవచ్చు. అప్పటివరకు అమెరికాలో బేస్‌బాల్ చూడదలిచినవారు కార్డు నంబరు కంటే ముందు ఇంటి జిప్ కోడ్ నమోదు చేసి చూసుకోవడమే శ్రేయస్కరం.